రాకాసి గుళ్లు, పిరమిడ్లు: మృతులకు కట్టిన రాతి ఇండ్లు

కిన్నెరసాని నది తాడ్వాయి, మేడారం గుట్టల ప్రాంతంలో పుట్టి, గుండాల అడవుల గుండా పారి, పాల్వంచ వద్ద జలాశయాన్ని నింపి, చివరకు గోదావరిలో కలుస్తుంది. ఈ నదికీ గోదావరికీ నడుమ ఉన్న అడవిలో టేకు, ఇప్ప, తునికి చెట్ల మధ్య పెద్ద రాతిపలకలతో కట్టిన పొట్టి గదులు గుంపులు గుంపులుగా కనిపిస్తవి. నాలుగు ప్రక్కల నిలిపిన పలకలు, వాటిపై కప్పుగా ఒకే ఒక పెద్ద బండ, చుట్టూ వలయాకారంగా పాతిన రాళ్లు: ఇదీ వాటి స్వరూపం. పినపాక మండలంలోని జానంపేట, గుండాల మండలంలోని దొంగతోగు, తొట్టిగుట్ట, ఎగువన ములుగు జిల్లాలోని దామరవాయి, మల్లూరు ఇట్టి చోట్లలో కొన్ని.

ప్రజలు వీటిని రాకాసి గుళ్లంటారు. కొన్ని ప్రాంతాలలో పాండవ గుళ్లని పేరు. అంత పెద్ద బండలను మనుష్యులు ఎత్తి ఉండరనీ, రాక్షసులో భీమసేనుని వంటి మహాబలులో ఎత్తి ఉంటారనీ పూర్వులు ఊహించడంలో వింత లేదు. ఐతే ఇవి గుళ్లూ కావు, రాక్షసులు కట్టినవీ కావు. ఇవి సమాధులు. మనవంటి మనుష్యులే, తమవారు చనిపోయినప్పుడు, ఎంతో శ్రమపడి వారికి కట్టిన రాతి ఇండ్లు. పురాతత్త్వ శాస్త్రజ్ఞులు వీటిని బృహచ్ఛిలా సమాధులంటారు. దక్షిణ భారతదేశంలో ఈ ఆచారం ఇనుము వాడుకలోనికి వచ్చిన కాలంలో, సుమారు క్రీ. పూ. 1200 నుండి క్రీస్తు శకారంభం వరకు, కొన్ని చోట్ల ఆ తరువాత కూడ, సాగినది.

మృతులకు రాతి ఇల్లు అనగానే విద్యార్థులకు ఈజిప్టు పిరమిడ్లు గుర్తుకు వస్తవి. ఆ పోలిక సరియైనదేనా? ఎంతవరకు సరియైనది? ఈ ప్రశ్నలు విచారింపదగినవి.

సిలువలు కాదు, స్త్రీమూర్తులు

గోదావరి తీరపు సమాధులను గూర్చి లోకానికి మొదట తెలియజేసిన వారిలో ముల్హెరాన్ అనే సర్వే ఉద్యోగి ఒకడు. నిజాం రాజ్యంలో సర్వే పనిమీద ఈ అడవులలో తిరిగిన ఆయన, తాను చూసిన రాతి గదులను గూర్చి 1868 లో బెంగాల్ ఏషియాటిక్ సొసైటీకి వ్రాసి పంపాడు. వాటి ప్రక్కనే సిలువ ఆకారంలో నిలిపిన ఏకశిలలు కూడ ఆయనకు కనబడినవి. 1872 లో జేమ్స్ ఫెర్గుసన్ వివిధ దేశాల మోటు రాతి కట్టడాలను గూర్చి ప్రచురించిన ప్రసిద్ధ గ్రంథంలో ఈ సమాధులకూ సిలువలకూ చోటు లభించినది. సిలువలున్నవి కాబట్టి పూర్వం ఈ అడవులలో క్రైస్తవులు నివసించి ఉంటారనే ఊహ ఆనాడు బయలుదేరినది.

ఐతే ఆ రాళ్లను దగ్గరగా పరిశీలించిన కొలది అవి సిలువలు కావని తేలినది. పైన పొడుచుకొని వచ్చినది తల; ఇరుప్రక్కలకు సాగినవి భుజాలు. గుండాల అడవుల్లోని కొన్ని మూర్తులకు రొమ్ములు స్పష్టంగా చెక్కి ఉన్నవి. అవి స్త్రీమూర్తులు. హైదరాబాదు విశ్వవిద్యాలయపు ఆచార్యుడు కె. పి. రావు ఇటీవలి సంవత్సరాలలో దొంగతోగు, తొట్టిగుట్టల వద్ద ఇట్టి మూర్తులను గూర్చి పరిశోధించి ప్రకటించాడు.

రాయి మారలేదు, చూసేవారి దృష్టి మారినది. తనకు ముందే తెలిసిన ఆకారాన్ని రాతిలో వెదికినవానికి సిలువ కనబడినది. రాయి ఏమి చెప్పుచున్నదో ఓపికతో చూసినవానికి స్త్రీ కనబడినది. పిరమిడ్లతో పోలిక చెప్పేటప్పుడు కూడ ఈ హెచ్చరిక మరువరాదు.

రాత ఉన్న దేశం, రాత లేని అడవి

ఈ సమాధులు కట్టినవారు ఒక్క అక్షరం కూడ వ్రాసిపెట్టలేదు. వారి రాజు ఎవరో, దైవమేదో, మరణాన్ని గూర్చి వారు ఏమనుకొనేవారో చెప్పే శాసనం లేదు. ఈజిప్టు సంగతి వేరు. అక్కడ సమాధులూ ఉన్నవి, సమాధులను గూర్చి వ్రాసిన మాటలూ ఉన్నవి. అందుచేత మనుష్యుడు మృతులకు ఇల్లు ఎందుకు కడతాడో ముందు ఈజిప్టు నుండి తెలుసుకొని, పిమ్మట ఈ అడవికి తిరిగి వస్తే, ఇక్కడి రాళ్లను ఏమి అడగవలెనో తెలుస్తుంది.

ఈజిప్టువారి విశ్వాసం ప్రకారం మరణంతో మనిషి సమాప్తం కాడు. అతనిలోని ప్రాణశక్తిని వారు ‘కా’ అనేవారు. ‘కా’ నిలవడానికి శరీరం చెడకుండా ఉండవలెను. దానికి అన్నపానాలు అందవలెను. శరీరాన్ని ఎండబెట్టి, లేపనాలు పూసి, గుడ్డపట్టీలు చుట్టి మమ్మీగా చేయడం ఇందుకే. సమాధి ప్రక్కన నైవేద్యాలు పెట్టే గది కట్టడం, ఆ సేవ నిరంతరం సాగడానికి పొలాలూ పూజారులనూ ఏర్పాటు చేయడం కూడ ఇందుకే. అనగా సమాధి వారికి పాతిపెట్టే గుంత కాదు, నివసించే ఇల్లు.

ఈ విశ్వాసపు ఆనవాలును చూడడానికి ఈజిప్టు దాకా పోనక్కరలేదు. హైదరాబాదు పబ్లిక్ గార్డెన్సులోని రాష్ట్ర పురావస్తు ప్రదర్శనశాలలో ఒక ఈజిప్టు మమ్మీ ఉన్నది. ఆరవ నిజాము అల్లుడు దానిని కొనితెచ్చి ఏడవ నిజాముకు కానుకగా ఇవ్వగా, అది ప్రదర్శనశాలకు చేరినది. ఈ పిరమిడ్లు కట్టిన కాలానికి అది ఎన్నో శతాబ్దాలు తరువాతిది. శరీరం నిలిచి ఉండవలెననే కోరిక మాత్రం ఒకటే. ఇటీవల దానిని ప్రాణవాయువు సోకకుండ నత్రజని నింపిన పెట్టెలో భద్రపరచారు. లేపనాలు చేసిన పనిని ఇప్పుడు రసాయన శాస్త్రం కొనసాగిస్తున్నది.

పిరమిడ్ ఎట్లు పెరిగినది

పిరమిడ్ ఆకారం ఒక్కనాడు పుట్టినది కాదు. మొదట రాజులనూ గొప్పవారినీ ఇసుకలో లోతుగా పాతి, పైన పచ్చి ఇటుకలతో అరుగువంటి దిమ్మె కట్టేవారు. దీనినే మస్తబా అంటారు. క్రీ. పూ. 2650 ప్రాంతంలో జోసెర్ అనే రాజుకు సక్కారాలో సమాధి కట్టినప్పుడు, దిమ్మెమీద దిమ్మెగా ఆరు మెట్లు, అవీ ఇటుకతో కాక రాతితో, లేపారు. ఈ నిర్మాణానికి సూత్రధారి ఇమ్హోటెప్ అని ప్రసిద్ధి. ఆ పిమ్మట స్నెఫ్రూ అనే రాజు కాలంలో మెట్లు పోయి ఏటవాలు ప్రక్కలు వచ్చినవి. ఆ మార్పు సులభంగా జరగలేదు. దహ్షూర్ వద్ద అతడు కట్టించిన ఒక పిరమిడ్ సగందాకా నిటారుగా లేచి, అక్కడనుండి వాలు తగ్గి వంగినట్లు కనిపిస్తుంది. నిర్మాణంలో పగుళ్లు రాగా, పనివారు మధ్యలో లెక్క మార్చుకొన్నారు. దాని తరువాత కట్టిన ఎర్ర పిరమిడ్ నేరుగా శిఖరం వరకు లేచినది.

స్నెఫ్రూ కుమారుడు ఖూఫూ గీజా వద్ద క్రీ. పూ. 2560 ప్రాంతంలో కట్టించినదే మహా పిరమిడ్. దాని అడుగు ఒక్కొక్క ప్రక్క 230 మీటర్లు. కట్టినప్పుడు ఎత్తు 146 మీటర్లకు పైగా. సుమారు 23 లక్షల రాళ్లు పట్టినవని అంచనా. ఒక్కొక్కటి సగటున రెండున్నర టన్నులు. ఒక లెక్క వేసి చూడవచ్చును. పని 20 ఏండ్లు విరామం లేకుండ సాగినదనుకొంటే, రోజుకు 315 రాళ్లు పేర్చవలెను. రోజుకు పది గంటల పని ఐతే, దాదాపు రెండు నిమిషాలకు ఒక రాయి!

ఈ పని బానిసలచేత కొరడాలతో చేయించినదనే మాట చాలకాలం ప్రచారంలో ఉన్నది. గీజాలో 1990 నుండి పనివారి సమాధులు, సమీపంలో వారు నివసించిన ఊరు, రొట్టెలు కాల్చిన పొయ్యిలు, తిని పారవేసిన పశువుల ఎముకలు బయటపడిన పిమ్మట ఆ మాట వీగిపోయినది. విరిగిన ఎముకలు సరిగా అతుక్కొన్న కంకాళాలు దొరికినవి; అనగా వారికి వైద్యం జరిగినది. 2013 లో ఎర్ర సముద్రపు ఒడ్డున వాదీ అల్ జర్ఫ్ వద్ద ఖూఫూ కాలపు పపైరస్ పత్రాలు దొరికినవి. మెరెర్ అనే మేస్త్రీ తన మనుష్యులతో తురా గనుల నుండి తెల్ల సున్నపురాయిని పడవలపై గీజాకు చేర్చిన దినచర్య అందులో ఉన్నది. మహా పిరమిడ్ వెనుక ఉన్నది మంత్రశక్తి కాదు: పడవలు, జీతపు రొట్టెలు, హాజరు పట్టీలు.

విశేషమేమంటే, మహా పిరమిడ్ లోపల మతసంబంధమైన ఒక్క శ్లోకం కూడ చెక్కి లేదు. క్రీ. పూ. 2350 ప్రాంతంలో ఉనాస్ అనే రాజు పిరమిడ్ గోడలపై మొదటిసారిగా పరలోక ప్రయాణపు మంత్రాలు చెక్కారు. ఆ మంత్రాలూ, పూజారుల దానపత్రాలూ, మెరెర్ పత్రాలూ లేకపోతే, పిరమిడ్ కూడ ఈనాడు అడవిలోని రాతి గదివలె మాటలేని రాళ్ల గుట్టగానే మిగిలేది.

మళ్లీ అడవికి

ఇప్పుడు గోదావరి తీరపు రాతి గదులను చూస్తే ఏమి తెలుస్తుంది?

మొదటిది, ఇవి కూడ ఇండ్లే. గోడలున్నవి, కప్పున్నది. కొన్ని గదులలో ఒకే రాతిని తొలిచి చేసిన తొట్టెలున్నవి. తొట్టిగుట్ట అనే పేరులోనే ఆ జ్ఞాపకం వినిపిస్తుంది. ఎముకలను ఆ తొట్టెలలో పెట్టేవారు.

రెండవది, లోపల సామానున్నది. దక్షిణ దేశపు బృహచ్ఛిలా సమాధులలో కుండలు, ఇనుప కొడవళ్లు, బాకులు, ఈటెమొనలు, పూసలు దొరుకుతవి. కుండలు లోపల నలుపు, వెలుపల ఎరుపు. బంకమట్టిలోని ఇనుము గాలి తగిలి కాలితే ఎర్రనౌతుంది. గాలి అందక పొగలో కాలితే నల్లనౌతుంది. ఆవములో కుండను బోర్లించి, లోపలికి గాలి పోకుండ చేస్తే ఈ రెండు రంగులూ ఒకే కుండలో వస్తవి. అంత నేర్పుతో చేసిన కుండను, అంత విలువైన ఇనుమును మృతునితో పంపినవారు, అతనికి అవి అక్కరకు వస్తవని నమ్మి ఉండవలెను.

మూడవది, ఇక్కడ ఈజిప్టుతో భేదం కనిపిస్తుంది. ఈజిప్టువారు శరీరం చెడకుండా కాపాడారు. దక్షిణ దేశపు సమాధులలో పెక్కింట పూర్తి కంకాళం ఉండదు. కొన్ని ఎముకలు మాత్రమే ఉంటవి. 1947 లో మార్టిమర్ వీలర్ ఈనాటి కర్ణాటకలోని బ్రహ్మగిరి వద్ద త్రవ్వినప్పుడు ఇది స్పష్టమైనది. శవాన్ని మొదట వేరొకచోట ఉంచి, మాంసం పోయిన పిమ్మట ఎముకలను ఏరి తెచ్చి సమాధిలో పెట్టేవారు. ఒకే గదిలో అనేకుల ఎముకలుండేవి. మనిషిని నిలిపేది శరీరమని ఈజిప్టువారనుకొంటే, ఎముకలు చాలునని వీరనుకొన్నారు కాబోలు.

కప్పు బండను ఎవరు ఎత్తారు

రాక్షసులు ఎత్తారనే మాటకు లెక్కతో జవాబు చెప్పవచ్చును. నాలుగు మీటర్ల పొడవు, మూడు మీటర్ల వెడల్పు, 40 సెంటీమీటర్ల మందం గల ఇసుకరాతి బండ ఒకటి ఉన్నదనుకొందాము. దాని ఘనపరిమాణం 4.8 ఘనపు మీటర్లు. ఇసుకరాయి ఘనపు మీటరుకు సుమారు 2.3 టన్నులు తూగుతుంది. కాబట్టి బండ బరువు 11 టన్నులు. ఎండునేలపై ఊరకే ఈడిస్తే, రాపిడిని గెలవడానికి బరువులో సగం బలం కావలెను. ఒక మనిషి 30 కిలోగ్రాముల బలంతో లాగుతాడనుకొంటే, సుమారు 180 మంది పట్టవలెను. గుండ్రని దుంగలపై దొర్లిస్తే బరువులో పదోవంతు బలం చాలును. 40 మందిలోపే పని జరుగుతుంది. ఇది అంచనా లెక్కయే. ఐనను రాక్షసుల అవసరం లేదని మాత్రం రుజువు చేస్తుంది.

ఈజిప్టువారు రాపిడిని మరొక ఉపాయంతో తగ్గించారు. క్రీ. పూ. 1900 ప్రాంతపు జెహుతిహోతెప్ సమాధి గోడపై ఒక చిత్రమున్నది. 172 మంది ఒక మహావిగ్రహాన్ని చక్రాలు లేని బండిపై లాగుచుండగా, ఒకడు బండిముందు నేలపై నీరు పోస్తున్నాడు. అది పూజావిధి కావచ్చునని కొందరనుకొన్నారు. 2014 లో ఆంస్టర్‌డాం విశ్వవిద్యాలయపు భౌతిక శాస్త్రజ్ఞులు ప్రయోగం చేసి, ఇసుకను తగినంత తడిపితే లాగవలసిన బలం సగానికి తగ్గుతుందని చూపారు.

గోదావరి లోయలోని ఇసుకరాయి పొరలు పొరలుగా ఏర్పడినది. పొర వెంట చీలికలు కొట్టి పలకలుగా లేపవచ్చును. నిలువు పలకల నడుమనూ వెలుపలనూ మట్టి పోసి వాలు కట్ట చేస్తే, కప్పు బండను దానిపైకి ఈడ్చి, పిమ్మట మట్టి తీసివేయవచ్చును. 2017 లో సిద్ధిపేట జిల్లా నర్మెట్ట వద్ద రాష్ట్ర పురావస్తుశాఖ త్రవ్విన ఒక సమాధి కప్పు బండ సుమారు 43 టన్నులు తూగినది. దానిని తొలగించడానికి క్రేను తెప్పించవలసి వచ్చినది. పూర్వులకు క్రేను లేదు. మనుష్యులు, దుంగలు, తాళ్లు, ఓపిక ఉండేవి.

ఒక రాజుకా, ఒక కులానికా

ఈ రెండు దేశాల సమాధులకు గల ముఖ్యమైన భేదం పరిమాణం కాదు, పొందిక. గీజాలో ఒక్క రాజుకు ఒక్క కొండ. ఆ కొండ చుట్టూ, దాని నీడలో, బంధువులకూ ఉద్యోగులకూ వరుసలుగా చిన్న సమాధులు. దేశపు పంట, పడవలు, మనుష్యులు ఒక్క ఆజ్ఞకు లోబడినప్పుడే అట్టిది సాధ్యం. దామరవాయి గుట్టపైన, జానంపేట అడవిలోను అట్లు కాదు. ఒకదాని ప్రక్క ఒకటిగా అనేక గదులు. కొన్ని పెద్దవి, కొన్ని చిన్నవి. ఐనను మిగిలినవాటినన్నిటిని మరుగుపరచే మహాసమాధి ఒకటి లేదు. పదుల మంది కలిసి ఒకనాడు ఒకరికి బండ మోస్తే, మరునాడు మరొకరికి మోసి ఉంటారు. ఇది రాజ్యపు పని కంటె బంధువర్గపు పనిని, ఊరి పొత్తును సూచిస్తున్నది.

ఇట్టి పొత్తు ఎట్లుండేదో ఊహించడానికి దగ్గరలోనే ఒక ఉదాహరణ ఉన్నది. సరిహద్దుకు అవతల బస్తరులో దండామీ మారియా గోండులు తమ మృతుల జ్ఞాపకార్థం నిలువు రాళ్లు పాతేవారు. 1938 లో గ్రిగ్సన్ తన గ్రంథంలో ఈ ఆచారాన్ని వర్ణించాడు. బంధువులు కలిసి రాయిని తెచ్చి నిలిపేవారు, విందు జరిగేది. అంతమాత్రాన ప్రాచీన సమాధులు కట్టినవారు ఈనాటి గోండులకో కోయలకో పూర్వులని తీర్మానించరాదు. అది రాతిలో సిలువను చూసిన పొరపాటు వంటిదే అవుతుంది. రాయి మోయడం చచ్చినవాని కోసం ఎంతో, బ్రతికినవారి పొత్తు కోసమూ అంతేనని మాత్రం ఈ ఉదాహరణ నేర్పుతుంది.

చెరగిపోతున్న అక్షరాలు

పిరమిడ్లను దొంగలు ప్రాచీన కాలంలోనే దోచారు. అందుకే క్రీ. పూ. 1500 ప్రాంతం నుండి ఈజిప్టు రాజులు పిరమిడ్లు మాని, కొండలోయలో రహస్యంగా సమాధులు తొలిపించుకొన్నారు. ఐతే దోపిడీ జరిగినా ఈజిప్టు చరిత్ర మిగిలినది. రాత మిగిలినది కనుక.

గోదావరి అడవులలోని సమాధులకు ఆ ఆధారం లేదు. కుండ ఏ మూలన ఉన్నది, ఎముక ఏ దిక్కుగా ఉన్నది, పూస కుండలో ఉన్నదా మట్టిలో ఉన్నదా: ఇవే వారి అక్షరాలు. గుప్తధనం ఉన్నదనే ఆశతో ఒకడు బండను పక్కకు త్రోసి లోపల కెలికితే, బంగారం దొరకదు; ఈ సమాధులలో సాధారణంగా ఉండేవి మట్టికుండలు, తుప్పుపట్టిన ఇనుము. కాని ఆ ఒక్క రాత్రి పనితో ఒక పుస్తకం శాశ్వతంగా కాలిపోయినట్లే. పలకలను ఇంటి అరుగులకూ కాలువ వంతెనలకూ తరలించినా, పొలం చదును చేయడానికి యంత్రంతో నెట్టివేసినా ఫలితం ఒకటే.

1878 నాటి నిక్షేపాల చట్టం ప్రకారం భూమిలో దొరికిన విలువైన వస్తువులను కలెక్టరుకు తెలియజేయవలెను. చట్టం కంటె కూడ ఊరివారి ఎరుక ఎక్కువ రక్షణ ఇస్తుంది. ఈ అడవి అంచున ఉన్న ఉన్నత పాఠశాలలు చేయగల పని ఒకటి ఉన్నది. ఉపాధ్యాయులు విద్యార్థులను వెంటబెట్టుకొని పోయి, ఏ రాయినీ కదలించకుండ, ఒక్కొక్క సమాధి పొడవు, వెడల్పు, కప్పు బండ మందం, ముఖద్వారపు దిక్కు కొలిచి, వలయంలోని రాళ్లు లెక్కించి, పటం గీసి ఉంచవచ్చును. కొలబద్ద, దిక్సూచి, నోటుపుస్తకం చాలును. గణితం, భూగోళం, చరిత్ర మూడూ ఒకే పాఠంలో వస్తవి. రేపు ఆ సమాధి నశించినా, ఆ పటం మిగులుతుంది.

నాలుగున్నర వేల ఏండ్ల క్రింద మెరెర్ అనే మేస్త్రీ తన మనుష్యులు రోజూ ఏ పని చేసినదీ వ్రాసిపెట్టాడు. మహా పిరమిడ్ మనుష్యులు కట్టినదనడానికి ఈనాడు అదీ ఒక ఆధారం. కిన్నెరసాని ఎగువన బండలు మోసినవారు అట్టి దినచర్య వ్రాయలేదు. వారి రాళ్లు అక్కడ నిలిచి ఉన్నంతకాలం, ఆ పని చేయడానికి పాల్వంచ, పినపాక, గుండాల బడిపిల్లలకు అవకాశం ఉన్నది.